గోడు వినే కెమెరా

ఘోరమైన అనుభవాన్ని దాటి వచ్చిన మనిషి నమ్మకమున్న చికిత్సకుల ఎదుట, కెమెరా తిరుగుతుండగా, తన కథను తనకు తోచిన వరసలో చెప్పుకుంటారు. ఆ చిత్రాన్ని తర్వాత తానే కూర్చుని చూసుకుంటారు. ఇష్టపడితే దాన్ని ఇంటివారికో, ఊరికో, అధికారులకో చూపిస్తారు. మానసిక చికిత్సలో ఈ పద్ధతికి వీడియో సాక్ష్యం అని పేరు. డాక్యుమెంటరీ పనిముట్లతో చేసే మనసు వైద్యమిది.

ఇందులో మందు కెమెరా కాదు, వినడం. చెప్పేవారి మాటకు అడ్డు రాకుండా, అనుమానించకుండా, తొందరపెట్టకుండా చివరిదాకా వినే మనిషి దొరికితే గాయపడ్డ మనసు కుదుటపడుతుందన్నది ఈ పద్ధతికి పునాది. ఆ మాట గది గోడలు దాటి వెళ్లడానికీ, ఒకసారి చెప్పిన బాధను పదిమందికి పదిసార్లు చెప్పాల్సిన అవస్థ తప్పడానికీ కెమెరా సాయపడుతుంది. కెమెరా ఎవరి అదుపులో ఉంది, అందులో పడిన బొమ్మ మీద హక్కు ఎవరిది అన్నదాన్ని బట్టే అది మేలు చేస్తుందో కీడు చేస్తుందో తేలుతుంది.

మాట ఎందుకు ఆగిపోతుంది

ట్రామా అంటే గ్రీకు భాషలో గాయం. ఒంటికి తగిలిన దెబ్బకు వాడిన ఈ మాట 19వ శతాబ్దం చివరికి మనసుకు తగిలిన దెబ్బకూ వాడుకలోకి వచ్చింది. యుద్ధం, అత్యాచారం, ఇంట్లో హింస, మతకల్లోలం, వరద, రోడ్డు ప్రమాదం, కళ్లెదుటే అయినవారిని పోగొట్టుకోవడం వంటివి ఇలాంటి గాయాలు చేస్తాయి. చాలామంది కొన్ని వారాల్లో, నెలల్లో తమంతట తామే తేరుకుంటారు. కొందరిలో మాత్రం పీడకలలు, ఉలికిపాటు, జరిగినదాన్ని గుర్తుచేసే చోట్లనూ మనుషులనూ తప్పించుకు తిరగడం, దేనిమీదా మనసు నిలవకపోవడం నెల దాటినా తగ్గవు. ఈ లక్షణాల సముదాయానికి అమెరికన్ సైకియాట్రిక్ అసోసియేషన్ 1980లో తన రోగనిర్ణయ గ్రంథం మూడో కూర్పులో పీటీఎస్‌డీ అని పేరు పెట్టింది.

మామూలు జ్ఞాపకానికి మొదలూ తుదీ ఉంటాయి. నిరుడు జరిగిన పెళ్లిని ఎవరైనా ఒక కథలా చెప్పగలరు. గాయపు జ్ఞాపకం అలా ఉండదు. ఒక వాసన, ఒక చప్పుడు, చేతి మీద పడిన ఒక పట్టు, తలుపు గడియ శబ్దం ఇలా ముక్కలు ముక్కలుగా ఉండిపోతుంది. ఆ ముక్క గుర్తొచ్చినప్పుడు అది ఎప్పుడో జరిగిపోయినట్టు అనిపించదు, ఇప్పుడే జరుగుతున్నట్టు ఉంటుంది. ఇటువంటి బాధ ఉన్న కొద్దిమందికి అమెరికాలో మెదడు స్కాన్‌లు తీసి 1996లో ప్రచురించిన ఒక అధ్యయనంలో, జరిగినది తలచుకునేటప్పుడు భయానికి సంబంధించిన భాగాలు చురుగ్గా ఉండగా, మాట పుట్టడానికి తోడ్పడే బ్రోకా ప్రాంతంలో చలనం తగ్గినట్టు కనిపించింది. ‘నోట మాట రాలేదు’ అని జనం అనే మాటలో ఒంటికి సంబంధించిన నిజం కూడా ఉందన్నమాట.

దీనికి లోకం నుంచి వచ్చే అడ్డంకి తోడవుతుంది. కడుపు చించుకుంటే కాళ్ల మీద పడుతుందని సామెత. ఇంటి పరువు, ఆడపిల్ల పెళ్లి, కులం కట్టుబాటు, అప్పిచ్చినవాడి భయం అన్నీ కలిసి నోరు కట్టేస్తాయి. తెగించి చెప్పినా విన్న ప్రతివారూ తమకు కావలసిన ముక్కనే ఏరుకుంటారు. పోలీసులకు కావలసింది సెక్షన్‌కు సరిపడే వివరం. డాక్టరుకు గాయాల జాబితా. వకీలుకు తేదీలు, సాక్షులు. పెద్దమనుషులకు రాజీ. కథంతా మొదటి నుంచి చివరిదాకా వినేవారు ఆ వరసలో ఒక్కరూ ఉండరు. చెప్పిన ప్రతిసారీ గాయం మళ్లీ రేగుతుంది. విననితనమే రెండో గాయమవుతుంది.

మానసిక వైద్యురాలు జుడిత్ హెర్మన్ 1992లో ప్రచురించిన పుస్తకంలో కోలుకోవడానికి మూడు మెట్లు చెప్పారు. మొదటిది భద్రత. రెండోది జరిగినదాన్ని తలచుకుని, పోగొట్టుకున్నదాని కోసం దుఃఖించడం. మూడోది మనుషులతో తిరిగి కలవడం. వీడియో సాక్ష్యం రెండో మెట్టు మీద మొదలై మూడో మెట్టుకు దారి చూపుతుంది. మొదటి మెట్టు ఎక్కనివారితో దీన్ని మొదలుపెట్టకూడదు.

ఆసుపత్రిలోకి కెమెరా

మనసు గాయాన్ని కెమెరాతో చూసిన తొలి ముఖ్యమైన చిత్రాల్లో ఒకటి అమెరికా సైన్యం కోసం జాన్ హ్యూస్టన్ 1946లో తీసిన ‘లెట్ దేర్ బి లైట్’. రెండో ప్రపంచ యుద్ధం నుంచి మనసు చెదిరి వచ్చిన సైనికులు న్యూయార్క్ దగ్గరి ఒక సైనిక ఆసుపత్రిలో డాక్టర్లతో మాట్లాడిన మాటలను, ఏడ్చిన ఏడుపును అందులో నేరుగా చిత్రించారు. రోగుల గోప్యతను కారణంగా చూపి సైన్యం ఈ చిత్రాన్ని మూడు దశాబ్దాలకు పైగా జనానికి చూపనివ్వలేదు. సైనికుల బాధ లోకానికి తెలియాలన్న కోరిక ఒకవైపు, ఆ బాధ వారి సొంతమన్న విచక్షణ ఇంకోవైపు. ఈ పద్ధతిని ఇప్పటికీ వదలని చిక్కు ఆ చిత్రంతోనే బయటపడింది.

ఆ చిక్కుకు ఒక జవాబు కెనడాలో దొరికింది. 1967లో న్యూఫౌండ్‌లాండ్ తీరంలోని ఫోగో దీవిలో జాలర్ల ఊళ్లను ఖాళీ చేయించే ఆలోచన సాగుతుండగా, నేషనల్ ఫిల్మ్ బోర్డ్ దర్శకుడు కాలిన్ లో అక్కడివారి మాటలతో చిన్న చిన్న చిత్రాలు తీశారు. ఏ చిత్రాన్నైనా ముందు అందులో మాట్లాడినవారికే చూపించారు. వద్దన్న భాగం తీసేశారు. తర్వాత ఊరూరా ప్రదర్శించారు, అధికారులకూ చూపించారు. ఒకరి గోడు మరొకరు తెర మీద విన్నాక దీవిలోని వేర్వేరు ఊళ్లవారు ఒక్కమాట మీదికి వచ్చారు. ఇది వైద్యం పేరుతో జరిగిన పని కాకపోయినా, చెప్పినవారికే ముందు చూపాలన్న నియమం తర్వాతి చికిత్సకులకు ఒరవడి అయింది.

డోరీ లావుబ్ గదిలో

వీడియో సాక్ష్యానికి ఇప్పుడున్న రూపం రావడంలో డోరీ లావుబ్ పాత్ర పెద్దది. ఆయన 1937లో అప్పటి రొమేనియాలోని చెర్నోవిట్స్‌లో పుట్టిన యూదుడు. పసితనంలోనే తల్లిదండ్రులతో పాటు నాజీల కాలపు నిర్బంధ శిబిరానికి తరలింపబడి, బతికి బయటపడ్డారు. తర్వాత వైద్యం చదివి అమెరికాలోని యేల్ విశ్వవిద్యాలయంలో మానసిక వైద్యుడిగా, మనోవిశ్లేషకుడిగా పనిచేశారు. 1979లో న్యూ హేవెన్ పట్టణంలో టెలివిజన్ పాత్రికేయురాలు లారెల్ వ్లాక్‌తో కలిసి నాజీ మారణకాండ నుంచి బతికినవారి మాటలను వీడియో మీద నమోదు చేయడం ఆరంభించారు. ముప్పయ్యేళ్లుగా ఇంట్లో కూడా చెప్పనివారు గంటల తరబడి మాట్లాడారు. ఈ టేపులు 1981లో యేల్ విశ్వవిద్యాలయానికి చేరి, ఫార్చునాఫ్ వీడియో ఆర్కైవ్‌గా రూపొందాయి. అందులో ఇప్పుడు 4,400కు పైగా సాక్ష్యాలున్నాయి.

ఈ నమోదులో చెప్పేవారే దారి చూపుతారు, అడిగేవారు వెంట నడుస్తారు. ప్రశ్నల పట్టిక ఉండదు. మౌనం వస్తే మౌనాన్ని ఉండనిస్తారు. ఆర్కైవ్ జాబితాలో సాక్ష్యం చెప్పినవారి మొదటి పేరు, ఇంటిపేరులో తొలి అక్షరం మాత్రమే కనిపిస్తాయి.

లావుబ్ రాసిన ఒక ఉదంతం ఈ పద్ధతి సారాన్ని పట్టిస్తుంది. 1944 అక్టోబరులో ఆష్విట్జ్ శిబిరంలో ఖైదీలు తిరగబడిన సంఘటనను ఒక వృద్ధురాలు వీడియోలో చెబుతూ నాలుగు పొగగొట్టాలు పేలిపోయాయన్నారు. ఆ తర్వాత ఒక సదస్సులో ఆ టేపు చూసిన చరిత్రకారులు, పేలింది ఒక్కటే కాబట్టి ఆమె మాటను నమ్మలేమన్నారు. లావుబ్ ఒప్పుకోలేదు. తిరుగుబాటు అన్నదే ఊహకు అందని చోట తిరుగుబాటు జరిగిందన్న నిజానికి ఆమె సాక్షి అని ఆయన వాదించారు. లెక్క కావలసినవారికి ఆమె మాటలో తప్పు దొరికింది. వినాలనుకున్నవారికి ఆ చోటు ఆమెకు ఎలా కనబడిందో తెలిసింది. చరిత్రకారుడి పనీ వకీలు పనీ వేరు, చికిత్సకుడి పని వేరు అన్న తేడాను ఈ ఉదంతం స్పష్టం చేసింది.

దాదాపు అదే కాలంలో చిలీ దేశంలో, 1973లో సైనిక నియంతృత్వం వచ్చాక చిత్రహింసలు పడ్డవారికి చికిత్స చేస్తున్న మనస్తత్వవేత్తలు టేప్ రికార్డర్‌ను వాడారు. బాధితుల మాటలను రికార్డు చేసి, వారితో కలిసి చదివి, సరిదిద్ది, ఒక సాక్ష్య పత్రంగా తయారుచేసేవారు. అది మనసుకు ఊరటా అయింది, అన్యాయానికి రుజువూ అయింది. ఎలిజబెత్ లీరా, యూజీనియా వైన్‌స్టైన్ ఈ పద్ధతిని 1983లో మారుపేర్లతో ప్రచురించాల్సి వచ్చింది.

మన దేశంలో వారణాసి కేంద్రంగా పనిచేసే పీపుల్స్ విజిలెన్స్ కమిటీ ఆన్ హ్యూమన్ రైట్స్, డెన్మార్క్ మనస్తత్వవేత్త ఇంగర్ ఆగర్ తోడ్పాటుతో 2008లో సాక్ష్య చికిత్సను ప్రయోగించింది. పోలీసు హింసకు గురైన 23 మంది మొదటి విడతలో పాల్గొన్నారు. వారి కథను రెండు విడతలుగా విని, రాసి, ఆ తర్వాత ఊరి జనం సమక్షంలో ఒక సభ జరిపి, ఆ పత్రాన్ని పైకి చదివి గౌరవంగా వారి చేతికిచ్చారు. అవమానం నలుగురి ఎదుట జరిగింది కాబట్టి మర్యాద కూడా నలుగురి ఎదుటే దక్కాలన్న ఆలోచన ఈ సభ వెనుక ఉంది.

తెలుగు నేల మీద

తెలుగునాట ఈ దారి వేసినవారిలో చికిత్సకుల కన్నా మహిళా ఉద్యమకారులు ముందున్నారు. హైదరాబాద్‌లోని స్త్రీశక్తి సంఘటన అనే బృందం తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల దగ్గరికి వెళ్లి, వారి నోటి మాటలను సేకరించి ‘మనకు తెలియని మన చరిత్ర’గా 1986లో వెలువరించింది. తుపాకీ పట్టినవారు, కొరియర్లుగా నడిచినవారు, అడవిలో బిడ్డలను కని వదులుకున్నవారు పోరాటం ముగిశాక వంటింటికి తిరిగి రావలసి వచ్చింది. ఆ వీరగాథల కింద మరుగుపడ్డ దుఃఖాన్ని ఈ పుస్తకం మాటలతోనే బయటికి తెచ్చింది.

స్త్రీశక్తి సంఘటనే, దర్శకురాలు దీపా ధన్‌రాజ్ తదితరుల యుగాంతర్ బృందంతో కలిసి 1983లో ‘ఇది కథ మాత్రమేనా’ అనే చిన్న చిత్రాన్ని తెలుగులో తీసింది. పెళ్లయిన ఇంట్లో హింసే దాని వస్తువు. ఒకరి నిజ జీవితాన్ని తెరకెక్కిస్తే ఆ స్త్రీకి ముప్పు. అందుకని చాలామంది అనుభవాలను కలిపి ఒక కల్పిత కథగా అల్లారు. పేరులోని ప్రశ్నే చూసేవారిని కదిలించి, చర్చకు దారి తీస్తుంది. ముఖం చూపకుండానే గోడు వినిపించవచ్చని ఈ చిత్రం నలభై ఏళ్ల కిందటే చూపింది. హైదరాబాద్‌లో 1984లో జరిగిన మత ఘర్షణల మీద దీపా ధన్‌రాజ్ 1986లో ‘క్యా హువా ఇస్ షహర్ కో’ అనే డాక్యుమెంటరీ తీశారు.

చికిత్స, చిత్రం రెండూ దగ్గరగా కలిసిన తెలుగు ఉదాహరణ ప్రజ్వల. దీన్ని 1996లో హైదరాబాద్ పాతబస్తీలో సునీతా కృష్ణన్, బ్రదర్ జోస్ వెట్టికాటిల్ స్థాపించారు. మెహబూబ్ కీ మెహందీ అనే వేశ్యావాటిక నుంచి స్త్రీలను ఖాళీ చేయించినప్పుడు వారి పిల్లల కోసం మొదలైన బడి క్రమంగా అక్రమ రవాణా నుంచి బాలికలను, స్త్రీలను విడిపించి, చికిత్స చేసి, పని నేర్పించే సంస్థగా ఎదిగింది. సునీతా కృష్ణన్ మంగళూరులో వైద్య, మనోవైద్య సామాజిక సేవలో శిక్షణ పొందిన సామాజిక కార్యకర్త. తాను 15 ఏళ్ల వయసులో సామూహిక అత్యాచారానికి గురైన సంగతిని ఆమే బహిరంగంగా చెప్పారు. అప్పటి నొప్పి కన్నా తర్వాత లోకం వెలివేసినట్టు చూసిన తీరే తనలో కోపం రగిలించిందని ఆమె చాలా వేదికల మీద చెబుతూ వచ్చారు. 2016లో ఆమెకు పద్మశ్రీ లభించింది.

ఆమె తన భర్త, దర్శకుడు రాజేష్ టచ్‌రివర్‌తో కలిసి అక్రమ రవాణా, హెచ్‌ఐవీ, గల్ఫ్ షేక్‌లతో జరిపించే పెళ్లిళ్లు, మత కల్లోలాల వంటి విషయాలపై పలు డాక్యుమెంటరీలు రూపొందించారు. వాటిలో ‘అనామిక’ హైదరాబాద్‌లోని జాతీయ పోలీసు అకాడమీ పాఠాల్లో చేరింది. దాడి చేసి పట్టుకున్న స్త్రీని నేరస్తురాలిగా చూసే అలవాటున్న పోలీసుకు, ఆమె ఏ దారిన అక్కడికి చేరిందో తెర మీద చూపించడం దాని ప్రయోజనం. ఇదే విషయం మీద టచ్‌రివర్ తీసిన కథాచిత్రం ‘నా బంగారు తల్లి’ 61వ జాతీయ అవార్డుల్లో ఉత్తమ తెలుగు చిత్రంగా ఎంపికైంది. బాధితురాలి మాట వినాల్సిన స్థానంలో ఉండి విననివారి దగ్గరికి ఆ మాటను చేర్చడమే ఈ చిత్రాలన్నిటి లక్ష్యం.

కెమెరా పట్టే చెయ్యి మారితే ఏమవుతుందో జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్ చూపింది. అక్కడి డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీలో దళిత స్త్రీలు, వారిలో చాలామంది బడి ముఖం చూడనివారు, వీడియో కెమెరా నేర్చుకుని 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్ట్‌గా ఏర్పడ్డారు. కళ్లకు సమానమైన ఎత్తులో పెట్టి తీసే షాట్‌కు వారు పెట్టుకున్న పేరు సంఘం షాట్. సంఘంలో అందరూ నేల మీద సమానంగా కూర్చుంటారు కాబట్టి ఆ పేరు. వారు తీసినవి ఎక్కువగా విత్తనాల గురించి, పంటల గురించి. అయినా బాధితులను చిత్రించే ఎవరికైనా ఆ రెండు మాటలు పెద్ద పాఠం. పైనుంచి జాలిగా చూసే కెమెరా ముందు ఎవరూ మనసు విప్పరు.

ఎలా జరుగుతుంది

పద్ధతి ప్రకారం జరిగే వీడియో సాక్ష్యంలో చిత్రీకరణ కన్నా ముందు, తర్వాత జరిగే పనే ఎక్కువ.

మొదట చికిత్సకులు కెమెరా లేకుండా కొన్నిసార్లు కలుస్తారు. ఆ మనిషి ఇప్పుడు క్షేమంగా ఉన్నారా, హింసించినవారితో ఒకే ఇంట్లో ఉన్నారా, ప్రాణం తీసుకోవాలన్న ఆలోచనలు ఉన్నాయా, రాత్రి నిద్ర పడుతోందా అని చూస్తారు. జ్ఞాపకాలు ముంచెత్తినప్పుడు ఊపిరి మీద దృష్టి పెట్టడం, కాళ్లు నేలకు ఆనించి చుట్టూ ఉన్న వస్తువుల పేర్లు చెప్పుకోవడం వంటి ఉపాయాలు నేర్పుతారు. ఇవి చేతికి వచ్చాకే తర్వాతి మెట్టు.

రెండోది ఒప్పుదల. ఒక కాగితం మీద ఒక సంతకంతో ఇది పూర్తి కాదు. రికార్డు చేయడానికి ఒప్పుకోవడం వేరు, దాచడానికి ఒప్పుకోవడం వేరు, ఎవరికి చూపాలన్నది ఇంకా వేరు. ముఖం కనబడాలా, గొంతు మార్చాలా, ఊరి పేరు చెప్పాలా అన్నవి విడివిడిగా అడగాలి. తర్వాత ఎప్పుడైనా వద్దనే హక్కు ఉంటుందని చెప్పాలి. ఒకసారి ఇంటర్నెట్‌లోకి ఎక్కిన వీడియోను పూర్తిగా వెనక్కి తీసుకోవడం అసాధ్యమన్న నిజాన్ని కూడా ముందే చెప్పాలి. చికిత్స దొరకాలంటే కెమెరా ముందు కూర్చోవాలన్న షరతు ఎక్కడా ఉండకూడదు.

మూడోది చిత్రీకరణ. గదిలో మనుషులు ఎంత తక్కువుంటే అంత మంచిది. కెమెరా కదలకుండా ఒకచోట ఉంటుంది. ఏడుపు వచ్చినప్పుడు ముఖం దగ్గరికి జరిపి చూపించరు. తలుపు దగ్గరి కుర్చీ ఎవరికి కావాలో చెప్పేవారే తేల్చుకుంటారు. ఆపమంటే ఆపుతారు. కథ మొదట ఆపదకు ముందున్న రోజులతో, ఆడుకున్న వీధితో, అమ్మ చేతి వంటతో మొదలై, ఆపద తర్వాత గడిచిన జీవితంతో ముగిసేటట్టు చూస్తారు. జరిగిన ఘోరం బతుకులో ఒక అధ్యాయంగా తన చోట ఇముడుతుంది, బతుకంతా అదే అయిపోదు.

నాలుగోది చూసుకోవడం. తన కథను తెర మీద చూసుకునేటప్పుడు మనిషి మొదటిసారి తనకు తానే శ్రోత అవుతారు. ఆ సమయంలో చికిత్సకులు పక్కనే ఉండాలి. ఏది ఉంచాలో ఏది తీసేయాలో చెప్పినవారిదే తుది మాట.

చివరిది చూపించడం. కొందరు ఎవరికీ చూపరు, టేపు దాచుకుంటారు. కొందరు భర్తకో, కొడుకుకో, చెల్లెలికో చూపిస్తారు. ఎదురుగా కూర్చుని చెప్పలేని మాటను తెర చెబుతుంది. కొందరు ఊరి సభలో, శిక్షణ తరగతిలో, అధికారుల ఎదుట ప్రదర్శించనిస్తారు. ప్రదర్శన తర్వాత ప్రేక్షకులతో మాట్లాడే మనిషి తప్పనిసరి. ఎందుకంటే ఆ గదిలో అటువంటి గాయమే ఉన్నవారు కూర్చుని ఉండవచ్చు. వినేవారి మనసూ అలసిపోతుంది. రోజూ ఇటువంటి కథలు వినే చికిత్సకులకు, ఎడిటర్లకు పీడకలలు రావడం మామూలు. వారికీ పై చికిత్సకుల తోడు అవసరం.

కీడు చేసే కెమెరా, చట్టం

కెమెరా ఆయుధం కూడా కాగలదు. అత్యాచారాన్ని ఫోన్‌తో తీసి, ఎవరికైనా చెబితే నలుగురికీ పంపుతామని బెదిరించడం నేటి నేరాల్లో ఒక తీరు. వాట్సాప్‌లో తిరుగుతున్న అలాంటి వీడియోలను 2015 ఫిబ్రవరిలో ప్రజ్వల సుప్రీంకోర్టు దృష్టికి తెచ్చింది. కోర్టు ఆ లేఖనే కేసుగా స్వీకరించింది. ఇటువంటి వీడియోల మీద ఫిర్యాదు చేయడానికి 2018లో కేంద్ర ప్రభుత్వం సైబర్ నేరాల జాతీయ పోర్టల్‌ను తెరిచింది.

లైంగిక హింస బాధితుల పేరు, ఆనవాలు బయటపెట్టడం నేరం. ఇదివరకు భారత శిక్షాస్మృతి 228ఏ సెక్షన్‌లో ఉన్న ఈ నియమం 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత 72వ సెక్షన్‌లో ఉంది. మేజరైన బాధితురాలు రాతపూర్వకంగా అనుమతిస్తే మినహాయింపు ఉంది. పిల్లల విషయంలో పోక్సో చట్టం 23వ సెక్షన్ మరింత గట్టిగా అడ్డుకుంటుంది. 2018 డిసెంబరులో నిపుణ్ సక్సేనా కేసులో సుప్రీంకోర్టు, పేరు చెప్పకపోయినా ఆనవాలు పట్టించే ఏ వివరమూ రాకూడదని స్పష్టం చేసింది. చిన్న ఊళ్లో వీధి పేరో, బడి పేరో, తండ్రి చేసే పనో చాలు మనిషిని గుర్తుపట్టడానికి. 2017 మానసిక ఆరోగ్య రక్షణ చట్టం ప్రకారం చికిత్సలో ఉన్నవారి ఫొటోను గాని, వివరాలను గాని వారి సమ్మతి లేకుండా మీడియాకు ఇవ్వకూడదు.

మళ్లీ మళ్లీ చెప్పించే బాధను తగ్గించే ప్రయత్నాలు ప్రభుత్వం వైపు నుంచీ వచ్చాయి. 2015లో మొదలైన సఖి వన్ స్టాప్ కేంద్రాలు, 2016లో హైదరాబాద్ పోలీసులు ఆరంభించిన భరోసా కేంద్రం వైద్యం, కౌన్సెలింగ్, న్యాయసహాయం, వాంగ్మూలం అన్నీ ఒకేచోట దొరకాలన్న ఉద్దేశంతో ఏర్పడ్డాయి. ఒకసారి జాగ్రత్తగా రికార్డు చేసిన మాట పదిసార్ల అవమానాన్ని తప్పిస్తుంది. అయితే పోలీసులు తీసే వాంగ్మూలం, చికిత్సకులు తీసే సాక్ష్యం ఒకటి కావు. మొదటిది కేసు కోసం, రెండోది మనిషి కోసం. రెంటినీ కలిపితే చికిత్స గదిలో అన్న మాట కోర్టులో అడ్డు ప్రశ్నగా తిరిగి వచ్చే ప్రమాదం ఉంది.

ఎంతవరకు పనిచేస్తుంది

లావుబ్, మరికొందరు వైద్యులు ఇజ్రాయెల్‌లో దశాబ్దాలుగా మానసిక ఆసుపత్రుల్లోనే ఉండిపోయిన మారణకాండ బాధితుల చేత వీడియో సాక్ష్యం చెప్పించారు. 2005లో వెలువడిన ఆ అధ్యయనంలో 24 మంది ఉన్నారు. కొన్ని నెలల తర్వాత చూస్తే వారిలో మనోగాయపు లక్షణాలు తగ్గాయి. సంఖ్య చిన్నది కాబట్టి దీన్ని ఆశగా తీసుకోవాలే గాని తుది తీర్పుగా కాదు. పీటీఎస్‌డీకి ప్రపంచ ఆరోగ్య సంస్థ 2013లో సిఫారసు చేసిన చికిత్సలు, గాయం మీద దృష్టి పెట్టే ఆలోచనా ప్రవర్తనా చికిత్స, కళ్లను అటూ ఇటూ కదిలిస్తూ జరిగినదాన్ని తలచుకునే ఈఎండీఆర్. వీడియో సాక్ష్యం వాటికి తోడుగా నిలవగలదు, వాటి స్థానం తీసుకోలేదు.

చెప్పడం అన్నివేళలా మేలు చేయదన్నది కూడా తేలిన విషయమే. ప్రమాదం జరిగిన వెంటనే అందరినీ కూర్చోబెట్టి ఒక్క విడతలో అంతా చెప్పించే పద్ధతి ఒకప్పుడు బాగా వ్యాపించింది. అధ్యయనాలన్నీ కలిపి చూస్తే దానివల్ల మేలు కనబడలేదు, కొందరికి కీడు జరిగిన గుర్తులున్నాయి. అందుకే ఇప్పుడు తొలి రోజుల్లో తిండి, నీడ, అయినవారి తోడు, అడిగితే వినడం మాత్రమే చాలంటారు. దుర్ఘటన జరిగిన గంటకే మైకు ముందుకు చాపి ఎలా అనిపిస్తోందని అడిగే వార్తా కెమెరా ఈ నియమాన్ని తలకిందులు చేస్తుంది.

సరిహద్దు ఊళ్లకు

ఆంధ్రప్రదేశ్ సరిహద్దులోని శాంతిపురం, కుప్పం, పుంగనూరు, మదనపల్లె వంటి చోట్ల ఈ పద్ధతికి అదనంగా ఆలోచించాల్సిన సంగతులున్నాయి. కుప్పం చుట్టుపక్కల మండలాలకు ఒకవైపు తమిళనాడు, ఒకవైపు కర్ణాటక. ఒకే ఇంట్లో తెలుగు, తమిళం, కన్నడం కలగలిసి వినబడతాయి. బయట ఏ భాషలో మాట్లాడినా మనిషి ఏడ్చేది ఇంటి భాషలోనే. చికిత్సకు బెంగళూరు నిమ్హాన్స్ ఆసుపత్రికో, వేలూరుకో వెళ్లినప్పుడు పుస్తకాల తెలుగులో, పొరుగు భాషలో చెప్పాల్సి వస్తే గోడులో సగం దారిలోనే రాలిపోతుంది. సాక్ష్యం ఇంటి యాసలోనే సాగాలి. ఆ యాస తెలిసిన సహాయకులు గదిలో ఉండాలి.

ఇక్కడి గాయాలకు కూడా ఇక్కడి రూపమే ఉంటుంది. 1980ల నుంచి కుప్పం అడవుల్లో తిరుగుతున్న ఏనుగుల దాడిలో పొలానికి వెళ్లిన మనిషిని పోగొట్టుకున్న కుటుంబాలున్నాయి. నష్టపరిహారం కాగితాల్లో పంట విలువకు గడి ఉంటుంది, రాత్రి ఆకు కదిలినా లేచి కూర్చునే భయానికి గడి ఉండదు. వలస పనికి వెళ్లి మోసపోయినవారు, చిన్నతనంలోనే పెళ్లి చేయబడ్డవారు, తాగిన చేతుల దెబ్బలు తిన్నవారు ఏ ఊళ్లోనైనా ఉంటారు. ఊరు చిన్నదైనకొద్దీ రహస్యం నిలవదు. అందుకే ముఖం చూపే చిత్రం కన్నా గొంతు మాత్రమే వినిపించే చిత్రం, నీడలతో, చేతులతో, గీసిన బొమ్మలతో నడిచే చిత్రం, లేదా పలువురి అనుభవాలను కలిపి అల్లిన కథ ఇటువంటి చోట్ల మేలు.

నిమ్హాన్స్ జరిపిన 2015-16 జాతీయ మానసిక ఆరోగ్య సర్వే ప్రకారం మన దేశంలో మానసిక రుగ్మతలున్నవారిలో, రుగ్మతను బట్టి 70 నుంచి 92 శాతం మందికి చికిత్స అందడం లేదు. చికిత్సకులు ఇంత తక్కువగా ఉన్నచోట ఒకరి సాక్ష్యచిత్రం ఇంకా పదిమంది నోరు విప్పడానికి ధైర్యమివ్వగలదు. కాని అలా నోరు విప్పినవారు ఆ తర్వాత వెళ్లడానికి ఒక చోటు ఉండాలి. అందుకే ఏ ప్రదర్శన చివరనైనా సహాయం దొరికే చోట్లు చెప్పాలి. 2022 అక్టోబరు 10న మొదలైన టెలీ మానస్ నంబరు 14416కు ఎప్పుడైనా ఫోన్ చేసి తెలుగులో మాట్లాడవచ్చు. స్త్రీలకు 181, పిల్లలకు 1098 ఉన్నాయి.

చికిత్సకులు, కెమెరా లేని చోట కూడా ఈ పద్ధతిలోని మొదటి సగం ఎవరైనా పాటించగలిగేదే. ఎవరైనా గోడు చెప్పుకోవడం మొదలుపెడితే, ఎందుకు వెళ్లావు, అప్పుడే ఎందుకు చెప్పలేదు అని అడగకుండా, సలహా చెప్పకుండా, ఇంకొకరి కథతో పోల్చకుండా, వారు ఆగినచోట ఆగి, చెప్పినంతా వినడం. విన్నదాన్ని వారి అనుమతి లేకుండా ఇంకొకరికి చేర్చకపోవడం.